తల మీద ‘కో’

తెలుగులో ‘కో’ తోకగా వస్తుంది. వండు, వండుకో. చెప్పు, చెప్పుకో. రాయి, రాసుకో. ‘అన్నం వండు’ అంటే ఆ అన్నం ఎవరి కంచంలోకైనా పోవచ్చు. ‘అన్నం వండుకో’ అంటే వండినవాళ్ల కంచంలోకే. చేసిన మనిషి నుంచి బయటికి పోవలసిన ఫలం వెనక్కి మళ్లి ఆ మనిషినే చేరుతుంది. ఒక్క అక్షరంతో పని దిశ మారిపోయింది.

గణితంలో ‘కో’ తల మీద కూర్చుంటుంది. కొసైన్, కోటాంజెంట్, కోసీకెంట్, కోఎఫిషియెంట్, కోఆర్డినేట్, కోసెట్, కోడొమైన్. పై చదువులకు వెళ్తే కోహోమాలజీ, కోప్రొడక్ట్, కో-ఎన్‌పీ. మన తోక ‘కో’కీ ఈ తల ‘కో’కీ చుట్టరికం ఏమీ లేదు. మనది ‘కొను’ అనే క్రియ నుంచి వచ్చింది, అది లాటిన్ నుంచి వచ్చింది. అయినా ‘వండుకో’ని కాసేపు పక్కన పెట్టుకోండి. దారిలో పనికొస్తుంది.

పదో తరగతిలో త్రికోణమితి మొదలైన రోజున బోర్డు మీద ఆరు పేర్లు పడ్డాయి. మూడు మామూలువి, మూడు ‘కో’ ఉన్నవి. ఆ ‘కో’ ఏమిటి సార్ అని అడిగితే, “పేరు సంగతి తర్వాత, ముందు విలువలు బట్టీ పట్టు” అన్నారు మాస్టారు. పట్టాను. సున్నా, ముప్ఫై, నలభై అయిదు, అరవై, తొంభై డిగ్రీలకు సైన్ విలువలు కంఠతా వచ్చాక కాస్ వరస తీస్తే, అదే వరస వెనకనుంచి ముందుకు రాసి ఉంది. పేరు అర్థమంతా ఆ తిరగేయడంలోనే ఉంది. ఆ ముక్క ముందే చెబితే బట్టీ సగానికి సగం తగ్గేది.

లంబకోణ త్రిభుజంలో ఒక కోణం 90 డిగ్రీలు. మిగిలిన రెండు కోణాలూ కలిపి ఇంకో 90. ఒకటి 30 అయితే రెండోది 60. ఇలాంటి జంటను పూరక కోణాలంటాం, ఒకదాని లోటును మరొకటి పూరిస్తుంది కాబట్టి. ఇప్పుడు కాస్ 30 అంటే ఏమిటి? సైన్ 60. కాస్ 10 అంటే సైన్ 80. కాస్ అనే కొత్త జంతువేమీ లేదు. ఉన్నది సైన్ ఒక్కటే. దాన్ని మన కోణానికి కాకుండా, ఎదురుగా కూర్చున్న పూరక కోణానికి కట్టడమే కాస్.

యూరప్ గణకులు దీన్ని లాటిన్‌లో ‘సైనస్ కాంప్లిమెంటి’ అని రాసుకునేవారు. ‘పూరకపు సైన్’ అని. పట్టికల తలకట్టు మీద అంత పొడుగు పేరు ఇమడదు. లండన్‌లోని గ్రెషమ్ కాలేజీలో ఖగోళశాస్త్రం చెప్పిన ఎడ్మండ్ గంటర్ 1620లో త్రికోణమితి పట్టికలు అచ్చు వేయిస్తూ కాంప్లిమెంటిని తల వరకూ కోసి సైనస్‌కు ముందు అతికించాడు. అలా కొసైన్, దాని వెంటే కోటాంజెంట్ పుట్టాయి. అంటే కొసైన్‌లో ‘కో’ మొదట్లో ఉపసర్గే కాదు, ఒక పొడుగు మాటకు పొట్టి గుర్తు.

ఈ గంటర్ మనకు మరీ అపరిచితుడేమీ కాదు. ఆయన పేరు తెలియకుండానే మన రైతులు ఆయన లెక్కలో బతుకుతున్నారు. భూమి కొలవడానికి ఆయన తయారుచేసిన గొలుసు పొడవు 66 అడుగులు, అందులో 100 లింకులు. పది గొలుసుల పొడవు, ఒక గొలుసు వెడల్పు ఉన్న చెక్క ఒక ఎకరం. అందులో నూరో వంతు సెంటు, అంటే సరిగ్గా 1000 చదరపు లింకులు. తెలంగాణలో చెప్పే గుంట 33 అడుగుల చదరం, అంటే పక్కకు అర గొలుసు. ఇళ్ల స్థలాల కోసం సెంట్ల లెక్కన బేరమాడే ఊళ్లో పిల్లలు కాస్ తీటాను తిట్టుకుంటూ చదువుతుంటే, రెండింటి వెనకా ఉన్నది ఒకే మనిషి.

గంటర్‌కు ఎన్నో వందల ఏళ్ల ముందే మనవాళ్లు ఇదే పని ఇదే పద్ధతిలో చేశారు. క్రీ.శ. 499 నాటి ఆర్యభటీయంలో జ్యల మధ్య తేడాల పట్టిక ఉంది. వృత్తవ్యాసార్ధం 3438 అనుకుని, 225 కళలకు (కళ అంటే డిగ్రీలో అరవయ్యో వంతు) ఒకటి చొప్పున 24 విలువలు. జ్య అంటే వింటినారి. వృత్తంలో చాపాన్ని విల్లుగా చూస్తే, దాని కొనలను కలిపే గీత నారి. అందులో సగం మన సైన్. ఈ జ్య అరబ్బుల చేతిలో ‘జీబా’ అయింది. అచ్చులు లేకుండా రాసే ఆ లిపిలో దాన్ని ‘జైబ్’ అని చదివారు, అంటే వస్త్రపు మడత, ఒడి. ఆ ఒడిని లాటిన్‌లోకి తర్జుమా చేస్తే ‘సైనస్’ వచ్చింది. ఇంత తిరుగుడు తిరిగాక మనకు సైన్‌గా తిరిగొచ్చింది.

కొసైన్ సంగతి ఇంకా బాగుంటుంది. సిద్ధాంత గ్రంథాల్లో దాని పేరు కోటిజ్య. ఇక్కడ కోటి నూరు లక్షల కోటి కాదు. విల్లు కొనను కోటి అంటారు. లంబకోణ త్రిభుజంలో ఒక పక్క భుజం, దానికి నిలువుగా ఉన్నది కోటి, ఏటవాలుగా ఉన్నది కర్ణం. ఈ మూడింట్లో కర్ణం, భుజం ఇవాళ్టి మన పాఠాల్లోనూ ఉన్నాయి, కోటి ఒక్కటే జారిపోయింది. 90 డిగ్రీలలో భుజానికి పోగా మిగిలినది కోటి, దాని జ్య కోటిజ్య. హిందీ గణిత పరిభాషలో ఇది కుదించుకుని ‘కోజ్యా’ అయింది. ఇటు కోటికి ‘కో’, అటు కాంప్లిమెంటికి ‘కో’. శబ్దం కలవడం కాకతాళీయం, ఒకదాన్ని చూసి మరొకటి పుట్టలేదు. కానీ పేరు పెట్టిన తీరు కలవడం కాకతాళీయం కాదు. ఉన్న పట్టికనే అవతలి కోణానికి చదవొచ్చని ఇద్దరికీ తెలుసు. ఆర్యభటుడి తేడాలను వరసగా కూడుకుంటూ పోతే ఎనిమిదో విలువ 1719, అది 30 డిగ్రీల జ్య. పదహారోది 2978, అది 60 డిగ్రీల జ్య. 30 డిగ్రీల కోటిజ్య కావాలంటే కొత్తగా లెక్క కట్టేదేముంది? పదహారో గడి దగ్గరికి పోవడమే.

కోటిజ్య ఏ సమాసం? షష్ఠీ తత్పురుష. కోటి యొక్క జ్య. సైనస్ కాంప్లిమెంటి కూడా అంతే, పూరకం యొక్క సైన్. ఇది వ్యాకరణం పట్టింపు కాదు, ఈ అధ్యాయమంతా దీని మీదే నడుస్తుంది. కొసైన్ ‘సైన్‌కు పూరకం’ కాదు, ‘పూరకానికి సైన్’. అంటే ‘కో’ సైన్‌ను ముట్టుకోలేదు. సైన్‌కు అందించే వస్తువును తిప్పి పెట్టింది. ఈ తేడా త్రికోణమితిలో పెద్దగా కనబడదు. ముందుముందు దీన్ని మరిచినవాళ్లు బోర్లా పడతారు.

తిప్పి పెట్టడం వల్ల ఏమవుతుందో లాగరిథమ్ టేబుల్స్ పుస్తకం వాడినవాళ్లకు గుర్తుండాలి. సైన్ పట్టికలో కుడివైపు ఉండే సన్న అంకెల తేడాను కలపాలి, కాస్ పట్టికలో తీసెయ్యాలి. తియ్యాల్సిన చోట కలిపి పరీక్షలో మార్కులు పోగొట్టుకున్న తరాలున్నాయి. కారణం ఒక్కటే. కోణం పెరిగితే పూరకం తరుగుతుంది. 30 నుంచి 40కి ఎక్కితే అవతలిది 60 నుంచి 50కి దిగుతుంది. ఇటు ఎక్కుడు, అటు దిగుడు. పూరకం తీసుకోవడమంటే నిచ్చెనను తలకిందులు చేయడమే.

ఇక్కడ ఆగి ఒక పేచీ తీర్చాలి. అన్ని ‘కో’లూ ఇలాంటివి కావు. లాటిన్‌లో ‘కుమ్’ అంటే తోడు, కలిసి. అది మాటల ముందు చేరినప్పుడు పక్క అక్షరాన్ని బట్టి కామ్, కాన్, కాల్, కార్, కో అని రంగులు మారుస్తుంది. మన ‘సమ్’ సంగమం, సంకలనం, సంబంధం అంటూ మారినట్టే. కోఆపరేటివ్ బ్యాంకులో ఉన్నది ఈ ‘కో’. మన పెళ్లిళ్లలో తోడల్లుణ్ణి ‘మా కోబ్రదర్’ అనీ తోడికోడలిని ‘మా కోసిస్టర్’ అనీ పరిచయం చేస్తుంటారే, అదీ ఇదే. తోడల్లుడిలోని ‘తోడు’ను ఇంగ్లీషు చేసి తల మీద పెట్టుకున్నాం. గణితంలో కోఎఫిషియెంట్ ఈ జాతిది. 16వ శతాబ్దం చివర ఫ్రాన్సువా వియెట్ వాడుకలోకి తెచ్చిన మాట. తెలియని రాశితో కలిసి పనిచేసేది అని దాని భావం, మనం గుణకం అంటాం. కోప్లానార్, కోలీనియర్ కూడా ఇంతే, ఒకే తలంలో ఒకే రేఖలో కలిసి ఉన్నవి. తెలుగులో సతలీయ, సరేఖీయ అని చక్కగా కుదిరాయి.

కాబట్టి రెండు ‘కో’లున్నాయి. వాటికి నేను పెట్టుకున్న పేర్లు తోడు-కో, తిప్పు-కో. రెండోదాన్ని కలిపి చదివితే తెలుగు మాట కావడం నా అదృష్టం. ఏది ఏదో పట్టుకోవడానికి చిన్న పరీక్ష ఉంది. ‘కో’ను రెండుసార్లు తగిలించి చూడండి. పూరకానికి పూరకం తీస్తే మొదటికొస్తాం, కాబట్టి కో-కో-సైన్ అంటే మళ్లీ సైనే. కో-కో-ఎఫిషియెంట్ అంటే ఏమీ కాదు, నత్తి. కోబ్రదర్‌కు కోబ్రదర్ సోదరుడు కాడు, ఇంకో తోడల్లుడు. రెండుసార్లు తిప్పితే యథాస్థానానికి వచ్చేదే తిప్పు-కో.

విచిత్రం ఏమంటే ఈ రెండు ‘కో’లదీ ఒకే రక్తం. కాంప్లిమెంట్ అన్న మాటే ‘కుమ్’తో మొదలవుతుంది, వెనక ఉన్న ‘ప్లేరే’కు నింపడం అని అర్థం. ఆ ‘ప్లే’, మన ‘పూర్ణం’లోని ‘పూర్’ ఒకే ప్రాచీన ధాతువు నుంచి చీలినవి. ప్రాణాయామంలో గాలి నింపే పూరకం, జామెట్రీలో 90కి నింపే పూరకం, లండన్ పట్టికలో గంటర్ కత్తిరించిన కాంప్లిమెంటి, అన్నీ దూరపు బంధువులే.

కోణాల నుంచి సమితులకు వద్దాం. ఒక పెళ్లిలో పులిహోర తిన్నవాళ్లు ఒక సమితి, బొబ్బట్టు తిన్నవాళ్లు ఒక సమితి. ‘పులిహోరా బొబ్బట్టూ రెండూ తిన్నవాళ్లు’ అన్న సమితికి పూరకం ఏమిటి? ‘రెండూ తిననివాళ్లు’ అని నోరు జారుతుంది. ఆ మాటతో చిక్కు. ‘రెండూ తినలేదు’ అంటే తెలుగులో మామూలుగా ఒక్కటీ ముట్టలేదనే వినిపిస్తుంది. కానీ పూరకంలో పులిహోర ఒక్కటే తిన్నవాళ్లూ ఉంటారు, బొబ్బట్టు ఒక్కటే తిన్నవాళ్లూ ఉంటారు. సరైన జవాబు ‘పులిహోర తిననివాళ్లు లేదా బొబ్బట్టు తిననివాళ్లు’. పూరకం తీసేసరికి ‘మరియు’ కాస్తా ‘లేదా’ అయింది. ‘లేదా’తో మొదలుపెడితే ‘మరియు’ అవుతుంది. ఈ సూత్రాలకు పేరిచ్చిన అగస్టస్ డి మోర్గన్ 1806లో మన మదురైలో పుట్టాడు. నెలల పసికందుగానే ఇంగ్లండుకు తీసుకుపోయారు. తర్వాత లండన్‌లో గణితాచార్యుడై 1847లో తర్కశాస్త్రం మీద పుస్తకం రాశాడు.

‘మరియు’ ఎందుకు ‘లేదా’గా మారుతుందో మన నిచ్చెనే చెబుతుంది. గుంటూరులో ఉన్నవాడు ఆంధ్రప్రదేశ్‌లో ఉన్నట్టే. ఆంధ్రప్రదేశ్‌లో లేనివాడు గుంటూరులో లేనట్టే. మొదటి వాక్యంలో బాణం గుంటూరు నుంచి రాష్ట్రానికి పోయింది. రెండోదాంట్లో రాష్ట్రం ‘కాని’దాన్నుంచి గుంటూరు ‘కాని’దానికి పోయింది. చిన్నది పెద్దదయింది, పెద్దది చిన్నదయింది. తర్కంలో దీన్ని ప్రతివర్తితం అంటారు. రెండు సమితులకూ లోపల ఇమిడే వాటిలో అతి పెద్దది ఛేదనం, రెండింటినీ తనలో ఇముడ్చుకునే వాటిలో అతి చిన్నది సమ్మేళనం. లోపలా బయటా తారుమారైతే ఆ రెండూ తారుమారు కాక ఏం చేస్తాయి?

ఇప్పుడు బోర్లా పడే చోటుకు వచ్చాం. ఏ సమితికి పూరకం పరిమితమో దాన్ని ‘కో-ఫైనైట్’ అంటారు. 1 నుంచి 10 దాకా తీసేసిన సహజసంఖ్యలు కో-ఫైనైట్, ఎందుకంటే తీసేసినవి పదే. చాలామంది కో-ఫైనైట్ అంటే ‘ఫైనైట్ కానిది’ అనుకుంటారు. సరిసంఖ్యలను చూడండి. అవి పరిమితం కావు. వాటి పూరకం బేసిసంఖ్యలు, అవీ పరిమితం కావు. కాబట్టి సరిసంఖ్యల సమితి ఫైనైటూ కాదు, కో-ఫైనైటూ కాదు. ‘కో’ మన ‘అ’ లాంటిది కాదు. అసత్యం, అసమానం, అనంతం అన్నప్పుడు ‘అ’ పక్కనున్న గుణాన్ని కొట్టిపారేస్తుంది. ‘కో’ గుణాన్ని ఉన్నదున్నట్టే ఉంచి, వస్తువును తిరగేసి, ఆ గుణం ఇప్పుడుందా అని అడుగుతుంది. మళ్లీ షష్ఠీ తత్పురుషే.

ఇదే పొరపాటు కంప్యూటర్ శాస్త్రంలో జరిగితే ఖరీదెక్కువ. ఇంట్లో తాళంచెవి కనబడలేదనుకుందాం. ‘ఇంట్లోనే ఉంది’ అని నిరూపించడం తేలిక, చెవి తీసి చూపిస్తే చాలు. ‘ఇంట్లో లేదు’ అని నిరూపించాలంటే పోపుల డబ్బా నుంచి అటక దాకా గాలించాలి. ‘అవును’ అనే జవాబుకు ఇలా చప్పున సరిచూసుకోగల చిన్న సాక్ష్యం ఉండే ప్రశ్నల కుటుంబం ఎన్‌పీ. ‘కాదు’ అనే జవాబుకు అలాంటి సాక్ష్యం ఉండే ప్రశ్నల కుటుంబం కో-ఎన్‌పీ. కో-ఎన్‌పీ అంటే ఎన్‌పీలో లేనివి అని కాదు. ప్రశ్నను తిరగేస్తే, అవును కాదు తారుమారు చేస్తే, ఎన్‌పీలో పడేవి. ఒకే ప్రశ్న రెండు కుటుంబాల్లోనూ ఉండొచ్చు.

నిజంగానే ఉన్న ప్రశ్న ఒకటి చెప్తాను. ‘ఈ సంఖ్య సంయుక్తమా?’ 8051ని తీసుకోండి. అవును అనడానికి 83 × 97 అని రాసిస్తే చాలు, మీరు గుణించి చూసుకుంటారు. కాబట్టి ఇది ఎన్‌పీ. కాదు, అది ప్రధానసంఖ్య అనడానికి చిన్న సాక్ష్యం ఉంటుందా? ఏమని చూపిస్తాం, భాగించేవి లేవని ఎన్ని సంఖ్యలతో భాగించి చూపిస్తాం? ఉంటుందని 1975లో వాన్ ప్రాట్ నిరూపించాడు. ప్రతి ప్రధానసంఖ్యకూ పొట్టి ధ్రువపత్రం ఒకటి రాసివ్వొచ్చు. అలా ఈ ప్రశ్న కో-ఎన్‌పీలోనూ చేరింది. రెండిళ్లలోనూ కాపురమున్న ప్రశ్నలు తరచు తేలికవని తేలుతుంటాయి. 2002లో ఐఐటీ కాన్పూర్‌లో మణీంద్ర అగ్రవాల్, తన శిష్యులు నీరజ్ కయాల్, నితిన్ సక్సేనాలతో కలిసి ఏ సాక్ష్యం అక్కర్లేకుండానే త్వరగా జవాబు తేల్చే పద్ధతి ఇచ్చాడు. మరి ఎన్‌పీ, కో-ఎన్‌పీ మొత్తంగా ఒకటేనా? కావనే దాదాపు అందరి నమ్మకం, నిరూపణ మాత్రం ఎవరి దగ్గరా లేదు. చెవి చూపించడానికీ ఇల్లంతా గాలించడానికీ మధ్య తేడా అంత సుఖంగా లొంగేది కాదు.

ఇంతవరకూ తిరగేయడానికి ఒక హద్దు ఉంది. కోణానికి 90, సమితికి విశ్వసమితి, ప్రశ్నకు అవును-కాదు. ఏదో ఒక మొత్తం ఉంటేనే అందులోంచి తీసేసి పూరకం అనగలం. 1930ల నుంచి గణితం ఈ మొత్తాన్నీ వదిలేసింది. 1935లో మాస్కోలో జరిగిన టోపాలజీ సమావేశంలో గణితవేత్తలు అలెగ్జాండర్, కోల్మొగొరోవ్ ఎవరికి వారు ఒకే ఆలోచనతో వచ్చారు. అప్పటికే ఉన్న హోమాలజీ అనే లెక్కను ఎదురు దిశలో నడిపించడం. దానికి కోహోమాలజీ అన్న పేరు స్థిరపడింది. ఇక్కడ పూరకం లేదు, 90 లేదు, దిశ మారడం ఒక్కటే మిగిలింది. 1945లో శామ్యూల్ ఐలెన్‌బెర్గ్, సాండర్స్ మెక్‌లేన్ బాణాల భాషకు వ్యాకరణం రాసేశారు. ఆ శాస్త్రం పేరు కేటగిరీ థియరీ. అందులో ఏ నిర్వచనమైనా బాణాలతో చెప్పాలి. చెప్పాక బాణాలన్నీ వెనక్కి తిప్పితే ఉచితంగా ఇంకో నిర్వచనం వస్తుంది. దాని పేరు ఆలోచించే శ్రమ కూడా లేదు, పాత పేరుకు ముందు ‘కో’.

ఇంత పెద్ద మాట ఎందుకు, గ.సా.భా., క.సా.గు. చాలు. మన ప్రభవాది సంవత్సరాల 60ని తీసుకుని, దాని భాజకాలను కాగితం మీద చల్లండి. ఒకటి రెండోదాన్ని నిశ్శేషంగా భాగిస్తే మొదటిదాన్నుంచి రెండోదానికి బాణం గీయండి. 12, 30 రెండింటికీ బాణాలు పంపేవి 1, 2, 3, 6. వీటిలో మిగిలినవన్నీ ఎవరికి బాణం పంపుతాయి? 6కి. అదే గ.సా.భా. ఇప్పుడు కాగితం మీది బాణాలన్నీ తిరగేయండి. అదే వాక్యాన్ని మళ్లీ చదివితే వచ్చేది 60, క.సా.గు. ఏడో తరగతిలో రెండు వేరువేరు తంతులుగా నేర్చుకున్నవి నిజానికి ఒకే నిర్వచనం, ముందుకోసారి వెనక్కోసారి.

పాత పూరకం ఇక్కడా దాక్కునే ఉంది. 60లో 12కు జోడు 5, 30కి జోడు 2. వీటి క.సా.గు. 10. అది పాత గ.సా.భా. 6కు జోడు. 6 × 10 = 60. డి మోర్గన్ పెళ్లి భోజనంలో చేసిన పనే ఇది, లెక్కల వేషంలో.

ఈ చోట మన పరిభాష మీద ఒక ఫిర్యాదు. ప్రమేయం అంటే ఒక సమితి నుంచి మరో సమితికి బాణం. బాణం బయలుదేరే చోటు డొమైన్, తెలుగులో ప్రదేశం. చేరే చోటు కోడొమైన్, ఇంటర్ పుస్తకాల్లో సహప్రదేశం. సహసమితి, సహసంబంధం బాగానే ఉన్నాయి, అక్కడున్నది తోడు-కో. సహప్రదేశంలో మాత్రం ‘సహ’ తప్పుదారి పట్టిస్తుంది. ప్రదేశంతో పాటు పక్కనే ఉండే ఇంకో ప్రదేశమేమో అనిపిస్తుంది. నిజానికి అది బాణానికి అవతలి కొస. బాణం తిప్పితే ఏది ప్రదేశమవుతుందో అది. ప్రతిధ్వని, ప్రతిబింబం అన్నట్టు ప్రతిప్రదేశం అని ఉంటే బాగుండేదని నాకనిపిస్తుంది. పదకొండో శతాబ్దంలో పావులూరి మల్లన గణితాన్ని తెలుగు పద్యాల్లోకి తెచ్చినప్పుడు ఆయనకు ఈ చిక్కు లేదు. ఆయన ముందున్నది సంస్కృత గ్రంథం, మాటలకు మాటలు సిద్ధంగా ఉన్నాయి. మన పాఠ్యపుస్తకాల వాళ్లకు లాటిన్ ఒక్క అక్షరంలో రెండు అర్థాలు దాచి పంపింది. కో కనబడగానే సహ అనేయడం వాళ్ల తప్పనీ అనలేం.

ఇక టిఫిన్ హోటలుకు పోదాం. ఇడ్లీ, దోసె, పెసరట్టు మూడు టిఫిన్లు. కాఫీ, టీ రెండు పానీయాలు. ఒక టిఫినూ ఒక పానీయమూ కలిపి చెప్పాలంటే ఎన్ని రకాలుగా చెప్పొచ్చు? మూడు రెళ్లు ఆరు. కేటగిరీ థియరీలో దీన్ని ప్రొడక్ట్ అంటారు. ప్రతి జంట నుంచి ఇటు టిఫిన్‌కో బాణం, అటు పానీయానికో బాణం. ఇప్పుడు బాణాలు తిప్పండి. జేబులో డబ్బు ఒక్కదానికే ఉంది, టిఫినో పానీయమో ఏదో ఒకటి. ఎన్ని రకాలు? మూడూ రెండూ అయిదు. ఇది కోప్రొడక్ట్. అంటే గుణకారానికి ‘కో’ తగిలిస్తే కూడిక వస్తుంది. ఎక్కం చదివే పిల్లవాడికి గుణకారం కూడికకు అన్నగారు, కూడి కూడి వచ్చింది. బాణాల కళ్లతో చూస్తే రెండూ అద్దానికి అటూ ఇటూ ఉన్నాయి.

అయితే అద్దం అన్నిచోట్లా నమ్మకమైనది కాదు. 3 × (4 + 5) అంటే 3 × 4, 3 × 5 కలిపినట్టే, రెండు వైపులా 27. కూడికనూ గుణకారాన్నీ అటూ ఇటూ మార్చి రాయండి. 3 + (4 × 5) అంటే 23. (3 + 4) × (3 + 5) అంటే 56. పొంతనే లేదు. ‘మరియు’, ‘లేదా’ల లోకంలో, గ.సా.భా., క.సా.గు.ల లోకంలో ఈ సూత్రం రెండు దిక్కులా నిలబడుతుంది. సమితుల లెక్కింపు లోకంలో ఒక దిక్కునే నిలబడుతుంది. తిరగేసిన నిర్వచనం ఉచితంగా దొరుకుతుంది, తిరగేసిన లోకం మాత్రం మన లోకమే కానక్కర్లేదు. సైన్, కొసైన్‌లకు ఈ బాధ లేదు. 90 లోంచి తీసేస్తే వచ్చేదీ కోణమే, అదే కాగితం మీద, అదే త్రిభుజంలో. గంటర్ ఎంత సులువైన చోట ఈ అక్షరాన్ని వాడి వదిలేశాడో తర్వాతివాళ్లకు తెలిసొచ్చింది.

హోటల్లో ఉన్నాం కాబట్టి కాఫీ సంగతి. గణితవేత్త అంటే కాఫీని సిద్ధాంతాలుగా మార్చే యంత్రమని హంగేరీ గణితజ్ఞుడు ఆల్ఫ్రెడ్ రేన్యీ చమత్కారం. చాలామంది అది పాల్ ఎర్డోష్‌దని చెప్పుకుంటారు. కేటగిరీ థియరీ వాళ్లు ఊరుకుంటారా, బాణం తిప్పేశారు. కో-గణితవేత్త కో-సిద్ధాంతాలను తీసుకుని కో-కాఫీగా మారుస్తాడట. కాఫీకి ఇంగ్లీషు స్పెల్లింగులో తలన ఒక ‘కో’ ఎటూ ఉంది, ఇంకోటి తగిలిస్తే రెండూ కొట్టుకుపోయి ‘ఫీ’ మిగులుతుంది. హంగేరీ వాళ్లకు ఆ ‘ఫీ’కి అర్థం లేదు. జూన్ నెలలో ఇంటర్ అడ్మిషన్ల వరసలో నిలబడ్డ మన తండ్రులకు వివరించక్కర్లేదు.